ఓవెన్‌లో పొంగే ఆపిల్ పాన్‌కేక్

పెనం ముందు నిలబడి ఒక్కొక్కటీ తిరగేసే పని లేదు. పిండి ఒకేసారి పోసి ఓవెన్‌లో పెడితే ఇరవై నిమిషాల్లో అంచులు గిన్నె పైకి లేచి వస్తాయి. ఇందులో బేకింగ్ పౌడర్ ఉండదు, సోడా ఉండదు. పొంగించేదల్లా ఆవిరే. పాలలో, గుడ్లలో ఉన్న తేమ ఒక్కసారిగా ఆవిరై పిండిని పైకి నెడుతుంది, ఈలోగా గుడ్డు గట్టిపడి ఆ ఆకారాన్ని నిలబెడుతుంది. అందుకే పాన్ ఎంత వేడిగా ఉందన్నదే ఇక్కడ అసలు లెక్క.

25 సెంటీమీటర్ల కాస్ట్ ఐరన్ పాన్‌కి 3 పెద్ద గుడ్లు, 65 గ్రాముల మైదా, 120 మిల్లీలీటర్ల పాలు, చెంచా పంచదార, పావు చెంచా ఉప్పు, అర చెంచా వెనిల్లా చాలు. పండుకి ఒక మోస్తరు ఆపిల్, 40 గ్రాముల వెన్న, రెండు చెంచాల పంచదార, అర చెంచా దాల్చినచెక్క పొడి. పాన్ పిడి చెక్కదో ప్లాస్టిక్‌దో అయితే ఈ పనికి పనికిరాదు.

గుడ్లు, పాలు గంట ముందే ఫ్రిజ్‌లోంచి తీసి పెట్టుకోండి. చల్లటి పిండి పడితే పాన్ వేడి చప్పున దిగిపోతుంది. ముందు గుడ్లు, మైదా, ఉప్పు, పంచదార కలిపి, ఆ ముద్ద నున్నగా అయ్యాక పాలు కొద్దికొద్దిగా పోయండి. పాలన్నీ ముందే పోస్తే ఉండలు కడతాయి, తర్వాత ఎంత గిలక్కొట్టినా విడవవు. పిండి దోసెపిండి కంటే బాగా జారుగా ఉండాలి. వెనిల్లా వేసి 20 నిమిషాలు పక్కన పెట్టండి, మైదా తడి పీల్చుకుంటుంది.

ఓవెన్ 220 డిగ్రీలకు (ఫ్యాన్ ఉంటే 200కి) పెట్టి, కింది అరలో జాలీ సర్దండి. పైన జాగా లేకపోతే పొంగిన అంచు రాడ్‌కి తగిలి మాడుతుంది.

ఇక ఆపిల్. చెక్కు తీసి, రూపాయి బిళ్లంత మందంగా ముక్కలు తరగండి. పొయ్యి మీద పాన్‌లో వెన్న కరిగించి ముక్కలు, పంచదార, దాల్చినచెక్క వేసి మధ్యస్థ మంట మీద నాలుగైదు నిమిషాలు వేయించండి. ముందు నీరు ఊరుతుంది, తర్వాత అది ఇగిరి ముక్కల చుట్టూ పాకం చిన్న బుడగలతో తుకతుకలాడుతుంది. ఆగాల్సింది అప్పుడే. నీరుండగానే పిండి పోస్తే అడుగు పచ్చిగా ముద్దలా ఉండిపోతుంది. ముక్కలు పాన్ అంతా పరుచుకోవాలే గానీ ఒకదానిమీద ఒకటి ఎక్కకూడదు. పండు ఎక్కువైతే బరువుకి పొంగు రాదు, ఆశపడి ఇంకో ఆపిల్ వేయొద్దు.

పిండి ఒకసారి కలిపి మధ్యలో పోయండి. పోయగానే చుయ్‌మనాలి. ఆ చప్పుడు రాకపోతే పాన్ చాలినంత కాగలేదన్నమాట. వెంటనే ఓవెన్‌లోకి తోసి 18 నుంచి 20 నిమిషాలు తలుపు ముట్టుకోకండి. మధ్యలో తెరిస్తే ఇంకా గట్టిపడని గోడలు కూలిపోతాయి. అంచులు ముదురు గోధుమ రంగుకి వచ్చి, నడుమ తడి మెరుపు పోతే అయినట్టే. నడుమ ఇంకా వణుకుతుంటే 180కి తగ్గించి మరో నాలుగు నిమిషాలుంచండి.

బయటికి తీసిన నిమిషంలో అణిగిపోతుంది. అది తప్పు కాదు, ఆవిరి పోతే అంతే. చూపించాలనుకుంటే తినేవాళ్లని ముందే పిలిచి కూర్చోబెట్టండి. పిడి మీద మందపాటి గుడ్డ కప్పడం మరవకండి, ఓవెన్ ఆపాక మామూలు పాన్ అనుకుని ఉత్త చేత్తో పట్టుకునేది ఇక్కడే. పైన నిమ్మరసం చిలకరించి, పొడి పంచదార జల్లండి. ఆపిల్ తీపికి ఆ పులుపు ఉండాల్సిందే.

ఆపిల్ బదులు గట్టి బేరిపండు ఇదే పద్ధతిలో వేయొచ్చు. బెర్రీలైతే వేయించొద్దు, చితికి నీరు వదులుతాయి. పాన్‌లో వెన్న మాత్రం కాగబెట్టి పిండి పోసి, పైన గుప్పెడు చల్లితే చాలు.

మిగిలితే 180 డిగ్రీల్లో ఐదు నిమిషాలు వేడి చేయండి. మళ్లీ పొంగదు గానీ అంచు కరకరలాడుతుంది. మైక్రోవేవ్‌లో పెడితే రబ్బరులా సాగుతుంది.