కల్చర్ రిపోర్టు వెనుక ఉన్న ఎంజైమును పట్టుకోవడం ఎలా

మూత్రాన్నో రక్తాన్నో కల్చర్‌కు ఇచ్చిన రెండు మూడు రోజులకు చేతికి వచ్చే రిపోర్టులో వరుసగా మందుల పేర్లు, ప్రతి పేరు పక్కన ఎస్ (మందుకు లొంగుతుంది), ఐ (మధ్యస్థం), ఆర్ (మందును తట్టుకుంటుంది) అనే మూడు అక్షరాలలో ఏదో ఒకటి ఉంటాయి. ఎక్కువమంది ఆ పట్టిక మీద వేలు పెట్టి పై నుంచి కిందికి జరుపుకుంటూ పోయి, ఎస్ కనిపించిన చోట ఆగి, ఆ మందు రాసేస్తారు. ల్యాబులో ప్లేట్లు చదివే పనిలో ఏళ్ల తరబడి ఉన్నవాడిగా నేను చెప్పేది వేరు: ఆ అక్షరాలన్నింటినీ కలిపి చదివితే గాని ఆ బ్యాక్టీరియా దగ్గర ఏ ఎంజైము ఉందో తెలియదు, ఎంజైము సంగతి తేలనిదే ఎస్ అని ఉన్న మందును కూడా పూర్తిగా నమ్మడానికి వీలుండదు. ఇది ముఖ్యంగా ల్యాబ్ టెక్నీషియన్ శిక్షణలో ఉన్నవారి కోసం, వార్డులో కొత్తగా చేరిన డాక్టర్ల కోసం రాస్తున్నాను. రోగి ఇంటివారు చదివితే రిపోర్టు అర్థమవుతుంది గాని, దీన్ని చూసి సొంతంగా మందు ఎంచుకోవడం మాత్రం వద్దు.

ఎంజైము చేసే పని

పెన్సిలిన్, సెఫలోస్పోరిన్, కార్బపెనెమ్ జాతుల మందులన్నింటిలోనూ, అజ్‌ట్రియోనామ్‌లోనూ బీటా లాక్టమ్ అనే నాలుగు పరమాణువుల వలయం ఒకటి ఉంటుంది. అందులో మూడు కార్బన్లు, ఒకటి నైట్రోజన్. వలయం అంత చిన్నది కావడం వల్ల బిగలాగి కట్టిన ముడిలా ఒత్తిడిలో ఉంటుంది. బ్యాక్టీరియా తన కణకవచాన్ని అల్లుకోవడానికి వాడే ప్రొటీన్లకు తగలగానే ఆ ముడి విడిపోయి, మందు వాటికి అతుక్కుపోయి, కవచం పని ఆగిపోతుంది. బీటా లాక్టమేజ్ ఎంజైము ఆ వలయాన్ని ఒక నీటి అణువు సాయంతో దారిలోనే తెంపేస్తుంది. పైగా ఒక మందు అణువును తెంపిన ఎంజైము తాను చెడిపోకుండా వెంటనే మరొక అణువు మీద పడుతుంది. కాబట్టి మోతాదు పెంచి దీన్ని గెలవాలనుకోవడం తరచుగా వృథా ప్రయాస అవుతుంది.

ఈ ఎంజైము మన వైద్యం కంటే పాతది. ఆక్స్‌ఫర్డ్‌లో ఎడ్వర్డ్ అబ్రహం, ఎర్నెస్ట్ చెయిన్ పెన్సిలిన్‌ను చెడగొట్టే ఎంజైమును పేగు బ్యాక్టీరియా సారంలో గమనించి 1940 డిసెంబరులో ప్రకటించారు. అక్కడి ఆసుపత్రిలో తొలి రోగికి పెన్సిలిన్ చికిత్స మొదలైనది 1941 ఫిబ్రవరిలో. 1980లో అంబ్లర్ అనే శాస్త్రవేత్త మొదలుపెట్టిన విభజన ప్రకారం ఇప్పుడు వీటిని ఏ, బి, సి, డి అని నాలుగు తరగతులుగా చెబుతారు. ఏ, సి, డి తరగతుల ఎంజైములు సెరీన్ అనే అమైనో ఆమ్లంతో వలయాన్ని తెంపుతాయి, బి తరగతివి జింకుతో తెంపుతాయి. ఈ ఒక్క తేడాను గుర్తుపెట్టుకుంటే కింద చెప్పబోయే పరీక్షల్లో సగం వాటంతటవే అర్థమవుతాయి.

ప్లేటు వేసే ముందు

ప్లేటు మీద బ్యాక్టీరియాను పరిచి, పైన మందు పట్టించిన చిన్న కాగితపు బిళ్లలు, అంటే డిస్కులు పెడతాం; మందు పనిచేస్తే డిస్కు చుట్టూ బ్యాక్టీరియా పెరగని ఖాళీ వలయం ఏర్పడుతుంది, అదే జోన్. దీనికి నాలుగు మిల్లీమీటర్ల మందం ఉన్న ముల్లర్ హింటన్ అగర్ (బ్యాక్టీరియా పెరిగే జెల్లీ) ప్లేటు, 0.5 మెక్‌ఫార్లండ్ (మడ్డితనాన్ని కొలిచే ప్రమాణం) మడ్డితనం ఉన్న బ్యాక్టీరియా ద్రవం, 35 డిగ్రీల వేడి, 16 నుంచి 18 గంటల సమయం కావాలి. ఇవి అందరికీ కంఠతా వచ్చినవే అయినా, మడ్డితనాన్ని కంటి అంచనాకు వదిలేసేవారు చాలామంది ఉన్నారు. ఎంజైము విషయంలో అది ఎందుకు కుదరదంటే, బ్యాక్టీరియా ఎక్కువైతే అవి వదిలే ఎంజైము కూడా ఎక్కువవుతుంది, అప్పుడు పనిచేయవలసిన మందు కూడా ప్లేటు మీద ఓడిపోయినట్టు కనిపిస్తుంది. ద్రవం పలుచనైతే ఎంజైము ఉన్న బ్యాక్టీరియా సైతం లొంగినట్టు నటిస్తుంది.

ఇక్కడ నా వేలు కాలిన సంగతి ఒకటి చెప్పాలి. ఒక వేసవిలో వారం రోజుల పాటు మా ల్యాబులో ఈఎస్‌బీఎల్ (చాలా సెఫలోస్పోరిన్లను కూడా తెంపే ఎంజైము) పరీక్ష ఒక్కటీ పాజిటివ్ రాలేదు. అంతకు ముందు వారం దాకా ప్లేట్ల మీద ప్లేట్లు పాజిటివ్ వచ్చిన చోట అలా రావడం అసాధ్యమని తెలిసినా, రెండు రోజులు మంచి రోజులు వచ్చాయనే అనుకున్నాం. చివరికి తేలిందేమిటంటే, కరెంటు కోతల మధ్య ఫ్రిజ్ ఆగిపోయి ఆ ఎంజైమును అడ్డుకునే క్లావులానిక్ ఆమ్లం ఉన్న డిస్కులు పాడైపోయాయి. వేడికి, తేమకు అన్నిటికంటే ముందు చెడేది ఆ ఆమ్లమే. అప్పటి నుంచి ప్రతి కొత్త గొట్టం డిస్కులనూ ల్యాబులు పోల్చి చూసుకోవడానికి ఉంచుకునే ప్రామాణిక బ్యాక్టీరియాలైన ఏటీసీసీ 700603 అనే క్లెబ్సియెల్లా మీద, ఏటీసీసీ 25922 అనే ఈ.కోలై మీద వేసి చూస్తున్నాం. మొదటిదాని దగ్గర ఎంజైము ఉంది, రెండవదాని దగ్గర లేదు. మొదటిదే నెగటివ్ వస్తే తప్పు డిస్కుదే.

జోన్ అంచు, జోన్ ఆకారం

స్టాఫిలోకాకస్ అనే బ్యాక్టీరియాతో మొదలుపెట్టడం నేర్చుకునేవారికి సులభం. పది యూనిట్ల పెన్సిలిన్ డిస్కు చుట్టూ ఏర్పడిన జోన్‌ను వెలుతురుకు ఎత్తి అంచును చూడండి. జోన్ పెద్దదిగానే ఉండవచ్చు, కొలత ప్రకారం ఎస్ పరిధిలోనే పడవచ్చు, అయినా అంచు దగ్గర కాలనీలు గోడ కట్టినట్టు ఒక్కసారిగా లేచి నిలబడితే పెన్సిలిన్‌ను తెంపే పెన్సిలినేజ్ ఉన్నట్టే, రిపోర్టులో ఆర్ రాయవలసిందే. ఏటి ఒడ్డున నీరు పలుచబడినట్టు పెరుగుదల క్రమంగా పలుచనై మాయమైతే ఎంజైము లేదని అర్థం. స్కేలు పట్టుకుని మిల్లీమీటర్లు కొలిచి పుస్తకంలో ఎక్కించడమే పని అనుకునేవారు ఈ గోడను చూడకుండానే దాటిపోతారు.

ఈ.కోలై, క్లెబ్సియెల్లాల విషయానికి వస్తే, క్లెబ్సియెల్లాకు యాంపిసిలిన్ ఆర్ రావడం దాని పుట్టుక లక్షణం. దాని క్రోమోజోములోనే ఆ ఎంజైము ఉంటుంది. క్లెబ్సియెల్లాకు యాంపిసిలిన్ ఎస్ అని వస్తే సంతోషించకండి, బ్యాక్టీరియా పేరు తప్పు పడిందా అని వెనక్కి వెళ్లి చూడండి. సెఫోటాక్సిమ్, సెఫ్ట్రియాక్సోన్, అజ్‌ట్రియోనామ్‌లు ఆర్ అయి, సెఫాక్సిటిన్, మెరోపెనెమ్‌లు ఎస్ అయితే అది ఈఎస్‌బీఎల్ అనే విస్తృత శక్తి గల బీటా లాక్టమేజ్ వేసిన ముద్ర. మన దేశంలో దీనికి ఎక్కువగా కారణమయ్యేది సీటీఎక్స్-ఎం అనే కుటుంబం. సెఫోటాక్సిమ్‌ను చెడగొట్టడం వల్ల సీటీఎక్స్ అని, మ్యూనిక్ నగరంలో దొరికినందువల్ల ఎం అని ఆ పేరు వచ్చింది.

నిర్ధారించే పద్ధతి ఇది. ఒకే ప్లేటు మీద 30 మైక్రోగ్రాముల సెఫోటాక్సిమ్ డిస్కును, అదే మోతాదుకు 10 మైక్రోగ్రాముల క్లావులానిక్ ఆమ్లం కలిపిన డిస్కును దూరంగా పెట్టండి; సెఫ్టాజిడిమ్‌తోనూ అలాంటి జతనే పెట్టండి. రెండు జతలలో ఏ ఒక్కదానిలోనైనా క్లావులానిక్ ఆమ్లం ఉన్న వైపు జోన్ 5 మిల్లీమీటర్లు లేదా అంతకంటే ఎక్కువ పెరిగితే ఈఎస్‌బీఎల్ పాజిటివ్. క్లావులానిక్ ఆమ్లంలోనూ బీటా లాక్టమ్ వలయమే ఉంటుంది. ఎంజైము దాన్ని తెంపబోయి దానికే అతుక్కుని పనికిరాకుండా పోతుంది, ఆ సందులో అసలు మందు తప్పించుకుంటుంది. ఇంకా ముచ్చటైన దృశ్యం కావాలంటే అమాక్సిసిలిన్-క్లావులానిక్ డిస్కును మధ్యలో పెట్టి, దానికి 20 మిల్లీమీటర్ల దూరంలో సెఫోటాక్సిమ్ డిస్కును పెట్టండి. మర్నాడు సెఫోటాక్సిమ్ జోన్ గుండ్రంగా ఉండక, మధ్య డిస్కు వైపు తాళం కప్ప రంధ్రంలా సాగి ఉంటుంది. విద్యార్థులకు నేను ఎప్పుడూ ముందు ఈ ప్లేటే చూపిస్తాను, లెక్కలు తరువాత.

2010లో ల్యాబు పరీక్షల ప్రమాణాలు నిర్ణయించే సీఎల్‌ఎస్‌ఐ సంస్థ సెఫలోస్పోరిన్ల కొలతలను కఠినం చేసిన తరువాత, కొత్త కొలతలు వాడే ల్యాబుల్లో చికిత్స కోసం ఈ పరీక్ష తప్పనిసరి కాదు. అది నిజమే అయినా నేను మానలేదు, ఎందుకంటే ఆ వార్డులో పక్క మంచాలకు ఏది పాకుతోందో తెలియాలంటే ఎంజైము పేరు కావాలి.

సెఫాక్సిటిన్ కూడా ఆర్ అయి, క్లావులానిక్ ఆమ్లం చేర్చినా జోన్ పెరగకపోతే సి తరగతికి చెందిన యాంప్-సి ఎంజైమును అనుమానించండి. ఎంటరోబాక్టర్ క్లోయేకే వంటి వాటిలో ఇది మొదట నిద్రలో ఉండి, మందు తగిలాక లేస్తుంది. ఆ లేవడం కూడా ప్లేటు మీద కనబడుతుంది: సెఫాక్సిటిన్ డిస్కుకు దగ్గరగా ఉన్న సెఫ్టాజిడిమ్ జోన్ ఆ వైపున చదునుగా కోసినట్టు ఉంటుంది. అందుకే ఇటువంటి బ్యాక్టీరియా రక్తంలో దొరికినప్పుడు సెఫ్ట్రియాక్సోన్ ఎస్ అని ఉన్నా దాన్ని వాడడానికి అనుభవజ్ఞులు జంకుతారు.

మెరోపెనెమ్ ఆర్ అయినప్పుడు

ఇక్కడ తొందర పనికిరాదు, ఆలస్యమూ పనికిరాదు. మెరోపెనెమ్ ఆర్ కావడానికి కార్బపెనెమ్ మందులను తెంపే కార్బపెనెమేజ్ ఎంజైమే కారణం కానక్కరలేదు. కణం బయటి పొరలోని రంధ్రాలు మూసుకుపోయి, లోపల యాంప్-సి గాని ఈఎస్‌బీఎల్ గాని ఉన్నా అలాగే వస్తుంది. తేల్చడానికి, డిస్కులోని మెరోపెనెమ్‌ను బ్యాక్టీరియా చెడగొడుతుందో లేదో చూసే ఎంసీఐఎం పరీక్ష చేయండి. రెండు మిల్లీలీటర్ల ట్రిప్టిక్ సోయ్ బ్రాత్‌లో ఒక మైక్రోలీటర్ లూపు నిండా బ్యాక్టీరియాను కలిపి, 10 మైక్రోగ్రాముల మెరోపెనెమ్ డిస్కును అందులో ముంచి, 35 డిగ్రీల దగ్గర నాలుగు గంటలు ఉంచండి. తరువాత ఆ డిస్కును లూపుతో తీసి, లూపును గొట్టం అంచుకు ఆనించి దానికి పట్టిన నీటిని వదిలించి, మందుకు లొంగే ఏటీసీసీ 25922 ఈ.కోలైని పరిచిన ప్లేటు మీద పెట్టండి. ఎంజైము ఉంటే ఆ నాలుగు గంటల్లో డిస్కులోని మందంతా హరించుకుపోయి, మర్నాడు అమాయకపు ఈ.కోలై కూడా డిస్కును ఆనుకుని పెరుగుతుంది. జోన్ 6 నుంచి 15 మిల్లీమీటర్లైతే పాజిటివ్, 19 లేదా అంతకు మించి శుభ్రంగా ఉంటే నెగటివ్. మధ్యలో 16 నుంచి 18 వస్తే లోపల సూదిమొన అంత కాలనీలు ఉన్నాయేమో వెతకండి. ఉంటే పాజిటివ్, లేకపోతే తేలనట్టే, మళ్లీ చేయాలి.

పాజిటివ్ వస్తే జింకు ఎంజైమా కాదా అన్నది తరువాతి ప్రశ్న. మరో గొట్టంలో 0.5 మోలార్ ఈడీటీఏ 20 మైక్రోలీటర్లు చేర్చి అదే పరీక్షను పక్కపక్కనే చేయండి. ఈడీటీఏ జింకును లాగేసుకుంటుంది కాబట్టి, ఆ గొట్టంలోని డిస్కు జోన్ 5 మిల్లీమీటర్లు లేదా అంతకంటే ఎక్కువ పెరిగితే బి తరగతి ఎంజైము, అంటే మన దగ్గర బహుశా ఎన్‌డీఎం. 2008లో స్వీడన్‌లో ఒక రోగి దగ్గర దొరికిన క్లెబ్సియెల్లాలో దీన్ని మొదట గుర్తించి, ఆ రోగి అంతకు ముందు న్యూఢిల్లీలో చికిత్స పొందినందువల్ల నగరం పేరు పెట్టారు. మన దేశంలో అభ్యంతరాలు వచ్చినా ఆ పేరే నిలిచిపోయింది. పేరు మీద కోపం ఎలా ఉన్నా పరీక్ష మానడానికి అది సాకు కాదు.

ఈ విభజన మందు ఎంపికను నేరుగా మారుస్తుంది. సెఫ్టాజిడిమ్-అవిబాక్టమ్ అనే ఖరీదైన ఇంజెక్షన్ జింకు అక్కరలేని కార్బపెనెమేజ్‌లైన కేపీసీ మీద, ఆక్సా-48 మీద పనిచేస్తుంది గాని, జింకు ఎంజైము ముందు అవిబాక్టమ్ నిలవదు. అజ్‌ట్రియోనామ్‌ను జింకు ఎంజైము తెంపలేదు, కానీ ఎన్‌డీఎం ఉన్న బ్యాక్టీరియా దగ్గర సాధారణంగా ఈఎస్‌బీఎల్ కూడా ఉండి దాన్ని తెంపేస్తుంది. అందుకని అవిబాక్టమ్ చేత ఈఎస్‌బీఎల్‌ను ఆపించి, అజ్‌ట్రియోనామ్ చేత పని చేయించే జోడింపును వైద్యులు వాడుతున్నారు.

ఎస్ అని ఉన్నా ఆగవలసిన చోట్లు

ఈఎస్‌బీఎల్ ఉన్న బ్యాక్టీరియాకు పిపెరాసిలిన్-టాజోబాక్టమ్ ఎస్ అని తరచుగా వస్తుంది. సెఫ్ట్రియాక్సోన్‌కు లొంగని ఈ.కోలై, క్లెబ్సియెల్లాలు రక్తంలో ఉన్న రోగులలో జరిపి 2018లో ప్రకటించిన మెరినో అధ్యయనంలో, పిపెరాసిలిన్-టాజోబాక్టమ్ పొందినవారిలో 12.3 శాతం, మెరోపెనెమ్ పొందినవారిలో 3.7 శాతం 30 రోజుల లోపు మరణించారు. అధ్యయనంలోకి తీసుకున్నది ఆ రెండు మందులకూ ఎస్ అని వచ్చినవారినే. మూత్రాశయం వరకే ఉన్న ఇన్ఫెక్షన్‌కు ఈ భారీ మందులు అక్కరలేదు, నైట్రోఫ్యురాంటోయిన్ గాని ఫాస్ఫోమైసిన్ గాని చాలాసార్లు సరిపోతుంది. జ్వరం, నడుము పక్కన నొప్పి ఉండి కిడ్నీ దాకా పాకినప్పుడు మాత్రం మూత్రంలోనే పోగయ్యే నైట్రోఫ్యురాంటోయిన్ చాలదు. బాధే లేనివారి మూత్రంలో బ్యాక్టీరియా కనిపిస్తే, గర్భిణులను, మూత్రమార్గపు ఆపరేషన్‌కు వెళ్లేవారిని మినహాయించి, రిపోర్టులో ఎన్ని ఆర్‌లున్నా సాధారణంగా యాంటిబయాటిక్ ఇవ్వరు.

ప్రతి ఆర్ వెనుకా ఎంజైమును వెతకడమూ పొరపాటే. ఎంఆర్‌ఎస్‌ఏ, అంటే మెథిసిలిన్‌ను తట్టుకునే స్టాఫిలోకాకస్, మందును తెంపి కాదు, కవచం అల్లే ప్రొటీన్‌నే మార్చుకుని తట్టుకుంటుంది, కాబట్టి క్లావులానిక్ ఆమ్లం అక్కడ దండగ. జెంటామైసిన్ వంటి వాటిని కొన్ని ఎంజైములు తెంపకుండా వాటి మీద ఒక రసాయన ముద్ర వేసి చెడగొడతాయి. అదే జాతికి చెందిన అమికాసిన్ నిర్మాణం వల్ల వాటిలో చాలావాటికి అది చిక్కదు. భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు నేతృత్వంలోని లెడర్లీ పరిశోధనశాల నుంచి 1948లో వచ్చిన ఆరియోమైసిన్ టెట్రాసైక్లిన్ కుటుంబంలో మొదటిది. ఆ కుటుంబపు మందులను ఆక్సిజన్ చేర్చి చెడగొట్టే టెట్-ఎక్స్ అనే ఎంజైము కూడా ఉంది, అయితే దాన్ని పట్టే సాధారణ డిస్కు పరీక్ష మన బల్లల మీద లేదు.

రిపోర్టు పంపేటప్పుడు పట్టిక కింద రెండు పంక్తులు మాటల్లో రాయండి. ఏ ఎంజైము నిర్ధారణ అయింది, ఏ పరీక్షతో అయింది, ఎస్ అని ఉన్నవాటిలో దేన్ని ఏ పరిస్థితిలో వాడకూడదు అన్నవి అందులో ఉండాలి. కార్బపెనెమేజ్ పాజిటివ్ అయితే ప్రింటు కోసం ఆగకుండా వార్డుకు ఫోన్ చేసి, ఎవరితో ఎన్ని గంటలకు మాట్లాడారో రిజిస్టరులో ఎక్కించి, ఆ కాలనీని గ్లిసరాల్‌లో వేసి డీప్ ఫ్రీజర్‌లో భద్రపరచండి. వారం తిరగకముందే అదే వార్డు నుంచి రెండవది వస్తే పక్కన పెట్టి పోల్చడానికి అది కావాలి.