కథలోకి వెలిగే చేపను తీసుకురావడం ఎలా?

ఫాంటసీ కథలో వెలిగే చేప వచ్చిందంటే నాకు టెన్షన్ మొదలవుతుంది. ఎందుకంటే చాలాసార్లు అది చేపలా ఉండదు, నీళ్లలో వేలాడదీసిన బల్బులా ఉంటుంది, ఎందుకు వెలుగుతోందో రాసినవాళ్లకే తెలియదు. ఏళ్ల తరబడి పిల్లలకి ఇలాంటి లోకాలు అల్లి చెప్తున్నాను, కొత్తగా రాసేవాళ్లవి దిద్దుతున్నాను. అందుకని నా పద్ధతి ఇక్కడ పెడుతున్నాను.

కావాల్సినవి: రూళ్ల నోటుబుక్కు, పెన్సిలు, మీ లోకం మ్యాపు. మ్యాపు చేత్తోనే గీయాలి, ఫోన్లో వద్దు.

మొదట నీళ్లు ఎంచుకోండి. డెల్టాలో పుట్టినవాళ్లకి ఇది నిమిషం పని. ధవళేశ్వరం దాటాక గోదావరి పాయలవుతుంది, గౌతమి యానాం మీదుగా, వసిష్ఠ అంతర్వేది దగ్గర సముద్రంలో కలుస్తాయి. మంచినీరు, ఉప్పునీరు, రెండూ కలిసే మొగ, కోరంగి మడ అడవుల్లో బురద కాలువలు, వీటిలో ఏదో ఒకటి తీసుకోండి. ఊరికే ‘మాయా సరస్సు’ అని రాయకండి. నిజం లోకంలో మంచినీళ్లలో సొంత వెలుగున్న చేప ఇంతవరకు కనపడలేదు. మీ లోకంలో పెట్టుకోవచ్చు, కాకపోతే అది వింత అని ఆ లోకంలో జనానికి తెలిసుండాలి.

తర్వాత ఒళ్లు. జానెడు పొడవు, పొలుసులు, రెక్కలు, అంతే. మూడు కళ్లు, బంగారు తోక పెట్టకూడదు, వెలుగు ఒక్కటే వింతగా ఉండాలి.

ఇక వెలుగు ఎలా పుడుతుంది? సముద్రపు చేపల్లో రెండు దారులున్నాయి. కొన్ని తమ ఒంట్లోనే రసాయనాలతో వెలుగు చేసుకుంటాయి, కొన్ని వెలిగే బాక్టీరియాను ఒంట్లో పెంచుకుంటాయి. మన బజార్లో కుప్పలుగా పోసి అమ్మే కారలు అనే చేపలు ఈ రెండో రకమే, వాటి గొంతు చుట్టూ ఆ బాక్టీరియా ఉంటాయి. అక్వేరియం షాపుల్లో ఎర్రగా, పచ్చగా మెరిసే చేపలను చూసి రాయకండి. వాటి మీద లైటు పడితేనే మెరుస్తాయి, చీకట్లో ఏమీ ఉండదు. ఇంకో మాట, ఈ వెలుగుకి వేడి ఉండదు. చేప చుట్టూ నీళ్లు మరిగాయని రాసిన కథ ఒకటి దిద్దాను, ఆ పేజీ మొత్తం కొట్టేయాల్సి వచ్చింది.

ఇప్పుడు అసలు కష్టమైన మెట్టు. ఆ వెలుగు ఎవరికి కనిపిస్తుంది, దానికి చేప ఏం ఖర్చు పెడుతుంది? ఇక్కడే అందరూ తప్పుతారు. చీకట్లో వెలగడమంటే ‘నేనిక్కడున్నాను’ అని అరవడం. మడ అడవిలో ఒడ్డున కూర్చున్న బావురు పిల్లికి ఆ అరుపు వినిపిస్తుంది, వలవాడికీ వినిపిస్తుంది. అంత ప్రమాదం ఉన్నా ఇంకా వెలుగుతోందంటే దానికి తిండో, జతో, ప్రాణరక్షణో దొరకాలి. కారలనే చూడండి, వాటి వెలుగు పొట్టవైపు నుంచి బయటికి వస్తుంది. పైనుంచి పడే వెలుతురులో అది కలిసిపోయి, కింద తిరిగే పెద్ద చేపకి నీడ కనపడదు. అంటే వెలుగుతోనే దాక్కోవచ్చు! ఈ ఒక్క సంగతి పట్టుకుంటే పది కథలు పుడతాయి.

నా చేప పేరు మిణుగ. మొగ బయట సముద్రంలో ఉంటుంది, వరదలకి పులసలాగే ఏటికి ఎదురెక్కుతుంది. కానీ దాని ఒంట్లో ఉన్న బాక్టీరియాకి ఉప్పు కావాలి. పైకి వచ్చేకొద్దీ వెలుగు తగ్గుతూ ధవళేశ్వరం ఆనకట్ట దగ్గరికి చేరేసరికి పూర్తిగా ఆరిపోతుంది. గుడ్లు పెట్టడానికి అది వెలుగునే వదులుకుంటుంది. మొగ దగ్గర ఊరికి అది దీపం, పైన ఏటి మధ్య లంకలో వాళ్లకి మామూలు కూర చేప. ఆ రెండు ఊళ్ల మధ్య పెళ్లి సంబంధం కుదిరితే, పీటల మీద మొదటి మాట ఆ చేప గురించే వస్తుంది. అలా రావాలి. ఖర్చు లేని వెలుగు పెడితే ఇవేవీ రావు, ఎంత అందంగా వర్ణించినా సరే.

ఖర్చు తేల్చకుండా రంగు జోలికి వెళ్లకండి. సముద్రంలో అయితే నీలమో నీలం కలిసిన ఆకుపచ్చో పెట్టాలి, తేట ఉప్పునీటిలో నీలమే ఎక్కువ దూరం పోతుంది. జూలై, ఆగస్టుల్లో గోదావరి వరద ఎర్రనీటిలో నీలం జానెడు కూడా పోదు, అక్కడ మసక పసుపే రాయండి. ఏడు రంగుల చేప అసలు వద్దు.

పేరు మూడక్షరాలకి మించకూడదు. రేవులో పడవ మీదనుంచి ఒడ్డుకి కేకేస్తే వినపడాలి. సంస్కృత సమాసాలు రాజులకి పెట్టుకోండి.

చివరగా అమావాస్య రాత్రి సీను ఒకటి రాసి, వెలుగున్న వాక్యాలన్నీ పెన్సిలుతో కొట్టేసి చదవండి. కథ ఇంకా నడుస్తోందంటే మళ్లీ ఖర్చు దగ్గరికి వెళ్లండి.