అద్దానికి అతికించే యాంటెన్నా: ముందు ఉప్పు తుడవండి
విశాఖలో, ముఖ్యంగా బీచ్ రోడ్డు పక్కన నిలిపి ఉంచే కార్ల అద్దాలపై సముద్రపు గాలికి సన్నని ఉప్పు పొర పేరుకుంటుంది కాబట్టి, అద్దానికి అతికించే రేడియో యాంటెన్నాను బిగించే ముందు ఆ చోటును మంచినీటితో కడిగి, ఆరిన తరువాత ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో లోపలా బయటా తుడవాలి. ఈ రకం యాంటెన్నాలో అద్దం బయటి ముక్కకూ లోపలి ముక్కకూ మధ్య తీగ ఉండదు. సంకేతం అద్దం గుండానే దాటుతుంది. అందువల్ల ఆ రెండూ సరిగ్గా ఎదురెదురుగా ఉండాలి, వాటి మధ్య లోహపు పొర ఉన్న సన్ ఫిల్మ్ గాని, వెనుక అద్దంలోని డీఫాగర్ (అద్దంపై ఆవిరి పోగొట్టే) గీతలు గాని అడ్డు రాకూడదు. (ఫిల్మ్ సంగతి మరచి యాంటెన్నాను నిందించడం మామూలే.) ఎండకు కాలిన అద్దంపై కాక, నీడలో అతికించి, గట్టిగా అదిమి, 24 గంటల పాటు తడి తగలకుండా చూడండి.