తుడిచేసిన ఫైలు మళ్లీ తేలిందా? ముందు ఎక్కడినుంచి వచ్చిందో చూడండి

"శాశ్వతంగా తొలగించాను, అయినా రికవరీ సాఫ్ట్‌వేర్‌లో కనిపిస్తోంది" అని అడిగేవాళ్లలో చాలామంది అప్పటికే రెండు మూడు ష్రెడర్లు (ఫైలు ఉన్న చోట వేరే డేటా రాసి తుడిచే ప్రోగ్రాములు) మార్చి ఉంటారు. 35 సార్లు తిరగరాసే ఆప్షన్ పెట్టి రాత్రంతా కంప్యూటర్‌ను నడిపించి ఉంటారు. తిరిగొచ్చిన ఫైలు ఏ ఫోల్డర్‌లో దొరికింది, దాని సైజు ఎంత, తేదీ ఏమిటి అని అడిగితే మాత్రం చూడలేదంటారు. రికవరీ ఫలితాల పట్టికలో ఆ మూడు వివరాలూ పేరు పక్కనే ఉంటాయి. కారణం చాలావరకు అక్కడే బయటపడుతుంది. ఇంకో సాఫ్ట్‌వేర్ దించుకునే ముందు దయచేసి వాటిని చదవండి.

డిలీట్ చేస్తే పోయేది ఫైలు చిరునామాయేనని, దాని మీద వేరే డేటా పడేదాకా అసలు సమాచారం డిస్క్‌లోనే ఉంటుందని మీకు తెలుసనే అనుకుని రాస్తున్నాను.

సమస్య: ఫోనులో తీసేసిన ఫోటో మళ్లీ కనిపిస్తోంది, స్థలమూ పెరగలేదు

ఇది తుడవడంలో లోపం కాదు, అసలు తుడవనే లేదు. ఐఫోన్‌లో తీసేసిన ఫోటో "ఇటీవల తొలగించినవి" ఆల్బమ్‌లో 30 రోజుల దాకా ఉంటుంది. గూగుల్ ఫోటోస్‌లో బ్యాకప్ అయిన ఫోటో 60 రోజులు ట్రాష్‌లో ఉంటుంది. ఫోనులోని ఫైల్స్ యాప్‌కు, గ్యాలరీకి విడివిడిగా ట్రాష్ ఉండవచ్చు, ఒకటి ఖాళీ చేస్తే రెండోది ఖాళీ కాదు. వాట్సాప్‌లో మీరు పంపిన ఫోటోకు ఇంకో ప్రతి దాని మీడియా ఫోల్డర్‌లోని "సెంట్" అనే లోపలి ఫోల్డర్‌లో ఉంటుంది. ఇవన్నీ చూశాకే మిగతా మాట.

ఫోను రికవరీ యాప్ వందల ఫోటోలు చూపించిందని కంగారు పడకండి. ఒక్కొక్కటి తెరిచి సైజు చూడండి. పది, ఇరవై కిలోబైట్లే ఉంటే అవి థంబ్‌నెయిల్స్. గ్యాలరీ తన సౌకర్యం కోసం దాచుకున్న చిన్న బొమ్మలు అవి, చెరిగిపోయిన ఫైళ్లు తిరిగి లేచి రావడం కాదు. గ్యాలరీ కాష్‌ను (తాత్కాలికంగా దాచుకున్న డేటాను), థంబ్‌నెయిల్స్ ఫోల్డర్‌ను ఖాళీ చేస్తే పోతాయి.

సమస్య: తేలిన ఫైలు పేరు వింతగా ఉంది

పేరు డాలర్ గుర్తు, ఆర్ అక్షరంతో మొదలై, తర్వాత అర్థం లేని అక్షరాలు, చివర అసలు ఎక్స్‌టెన్షన్ ఉంటే అది విండోస్ రీసైకిల్ బిన్‌లోంచి వచ్చింది. బిన్‌లో పడిన ప్రతి ఫైలుకూ విండోస్ అలాంటి పేరే పెడుతుంది. ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్‌కు తన సొంత బిన్ ఉంటుందని చాలామంది మరిచిపోతారు. పెన్ డ్రైవ్‌ను మ్యాక్‌లో వాడి ఉంటే, అక్కడ తీసేసిన ఫైళ్లు ఆ డ్రైవ్‌లోనే దాగి ఉన్న ట్రాష్ ఫోల్డర్‌లో కూర్చుంటాయి. డ్రైవ్ పెట్టి ఉండగానే మ్యాక్‌లో ట్రాష్ ఖాళీ చేయాలి.

మొదటి అక్షరం మాత్రమే పోయి మిగతా పేరంతా ఉంటే అది ఫ్యాట్32 అనే ఫైళ్ల అమరిక పద్ధతి ఉన్న డ్రైవ్‌లో మామూలుగా డిలీట్ చేసిన ఫైలు. ఆ పద్ధతిలో తొలగింపు అంటే పేరులోని మొదటి బైటును మార్చడమే. అంటే మీ ష్రెడర్ ఆ ఫైలును ముట్టుకోలేదు.

సమస్య: ష్రెడర్ విజయవంతమని చెప్పింది, అయినా ఆ పత్రమే తేలింది

అందరినీ తిప్పలు పెట్టేది ఇదే. ష్రెడర్ అబద్ధం చెప్పలేదు. మీరు చూపించిన ఫైలును అది నిజంగానే తిరగరాసింది. తేలింది ఆ ఫైలు కాదు, దాని పాత ప్రతి.

వర్డ్ లాంటి ప్రోగ్రాములో సేవ్ నొక్కినప్పుడు ఏం జరుగుతుందో చూడండి. ఉన్న ఫైలు మీద అది రాయదు. కొత్త విషయమంతా ఒక తాత్కాలిక ఫైలులో రాసి, పాతదాన్ని తొలగించి, తాత్కాలిక ఫైలుకు పాత పేరు పెడుతుంది. మధ్యలో కరెంటు పోయినా పత్రం పాడవకుండా చేసిన మంచి ఏర్పాటు అది. కానీ తొలగించిన ఆ పాతది మామూలుగా డిలీట్ అయిన ఫైలే, ఖాళీ స్థలంలో అలాగే పడి ఉంటుంది. ఒక పత్రాన్ని ఇరవైసార్లు సేవ్ చేస్తే దాని పాత రూపాలు డిస్క్‌లో చాలాచోట్ల మిగిలే అవకాశం ఉంది. ష్రెడర్‌కు తెలిసింది చివరి చిరునామా ఒక్కటే.

ఒక డ్రైవ్ నుంచి ఇంకో డ్రైవ్‌కు కట్ చేసి పేస్ట్ చేసినా అంతే. పైకి కదిలినట్టు కనిపిస్తుంది, లోపల కాపీ చేసి డిలీట్ చేయడమే. జిప్‌లోంచి నేరుగా తెరిచినప్పుడు, మెయిల్ అటాచ్‌మెంట్‌ను చూసినప్పుడు, ప్రింట్ తీసినప్పుడు కూడా ప్రతులు పుడతాయి.

గుర్తుపట్టడం తేలిక. తేలిన పత్రాన్ని తెరిచి చివరి పేరాలు చదవండి. మీరు ఆఖర్లో చేసిన మార్పులు అందులో లేకపోతే అది పాత ప్రతే. టీఎంపీ (.tmp) అనే ఎక్స్‌టెన్షన్ ఉన్నా, పేరే లేకుండా అంకెలతో వచ్చినా అనుమానం అక్కర్లేదు.

ఇక్కడ అదే ఫైలును మళ్లీ ష్రెడ్ చేయడం వృథా, ఎన్నిసార్లు తిరగరాసినా వృథాయే. ఖాళీ స్థలాన్ని మొత్తంగా తుడవాలి. అయితే వరుస తప్పకండి. ముందు బతికి ఉన్న ప్రతులను తీసేయండి: బిన్, టెంప్ ఫోల్డర్, క్లౌడ్‌తో సింక్ అయ్యే ఫోల్డర్. తర్వాత సిస్టమ్ ప్రొటెక్షన్‌లోకి వెళ్లి పాత రీస్టోర్ పాయింట్లను (విండోస్‌ను పాత స్థితికి తేవడానికి దాచుకున్న ప్రతులను) తొలగించండి. వాటిలో ఫైళ్ల పాత రూపాలుంటాయి, పైగా విండోస్ లెక్కలో అది ఖాళీ స్థలం కాదు కాబట్టి తుడిచే ప్రోగ్రాము వాటి జోలికి పోదు. ఈ మెట్టు దాటేసి "తుడిచినా పోలేదు" అనేవాళ్లే ఎక్కువ. అన్నీ అయ్యాక విండోస్‌లోనే ఉన్న సైఫర్ కమాండ్‌ను (cipher) డబ్ల్యూ స్విచ్‌తో (/w) నడపండి. అది ఖాళీ స్థలమంతా ఒకసారి సున్నాలతో, ఒకసారి ఒకట్లతో, ఒకసారి యాదృచ్ఛిక అంకెలతో నింపుతుంది. పెద్ద డిస్క్‌కు గంటలు పడుతుంది, మధ్యలో ఆపకండి.

35 సార్ల లెక్క పీటర్ గుట్‌మన్ 1996లో రాసిన పత్రంలోనిది. అప్పటి రకరకాల హార్డ్ డిస్క్‌ల రాత పద్ధతులన్నిటినీ కలిపి వేసిన లెక్క అది. ఇప్పటి హార్డ్ డిస్క్‌కు ఒక్కసారి చాలని అమెరికా ప్రమాణాల సంస్థ నిస్ట్ 2014 మార్గదర్శకాలూ చెప్పాయి.

సమస్య: డ్రైవ్ ఎస్‌ఎస్‌డి, లేదా పెన్ డ్రైవ్

పైన చెప్పిన తిరగరాత హార్డ్ డిస్క్‌కు. ఎస్‌ఎస్‌డి (తిరిగే పళ్లేలు లేకుండా చిప్‌లలో డేటా దాచే డ్రైవ్) ఒకే చోట పదేపదే రాయదు. అరుగుదల సమంగా ఉండటానికి కొత్త రాతను వేరే చోటికి మళ్లిస్తుంది, కాబట్టి ష్రెడర్ రాసేది పాత డేటా మీద పడుతుందన్న హామీ లేదు. అక్కడ పని చేసేది ట్రిమ్, అంటే ఏ చోట్ల డేటా ఇక అక్కర్లేదో డ్రైవ్‌కు చెప్పే ఆదేశం. విండోస్‌లో అది మామూలుగా ఆన్‌లోనే ఉంటుంది. కానీ ఎస్‌ఎస్‌డిని యూఎస్‌బీ పెట్టెలో పెట్టి వాడితే, కొన్ని పెట్టెలు ట్రిమ్ ఆదేశాన్ని లోపలికి పంపవు. తీసేసిన ఫైళ్లన్నీ చెక్కుచెదరకుండా తేలుతున్నాయంటే మొదట ఆ పెట్టెనే అనుమానించండి.

డ్రైవ్ మొత్తం తుడవాలంటే తయారీదారు ఇచ్చే సాఫ్ట్‌వేర్‌లోగానీ, బయోస్‌లోగానీ (కంప్యూటర్ ఆన్ కాగానే నడిచే సెటప్) ఉండే సెక్యూర్ ఎరేజ్ వాడండి. పెన్ డ్రైవ్‌కు, మెమరీ కార్డుకు విండోస్‌లో క్విక్ ఫార్మాట్ టిక్ తీసేసి పూర్తి ఫార్మాట్ చేయండి, అప్పుడే సున్నాలు రాస్తుంది. రహస్యాలు పెట్టుకునే డ్రైవ్‌ను మొదటి రోజే ఎన్‌క్రిప్ట్ చేసుకోవడం (తాళంచెవి లేకుండా చదవలేని రూపంలోకి మార్చడం) అన్నిటికంటే మేలు. అప్పటికే వాడిన డ్రైవ్‌కు బిట్‌లాకర్ (విండోస్‌లోని ఎన్‌క్రిప్షన్ సదుపాయం) పెడుతుంటే "వాడిన స్థలం మాత్రమే" ఎంచుకోకండి, పాత డేటా ఖాళీ స్థలంలో తాళం లేకుండా మిగిలిపోతుంది.

సమస్య: ఫోను అమ్మేయాలి, రీసెట్ సరిపోతుందా?

ఆండ్రాయిడ్ 10తో గానీ ఆ తర్వాతి వెర్షన్లతో గానీ వచ్చిన ఫోన్లన్నిటికీ ఎన్‌క్రిప్షన్ తప్పనిసరి. ఫ్యాక్టరీ రీసెట్‌తో తాళంచెవి నశిస్తుంది, ఐఫోన్‌లోనూ అంతే. సరిపోతుంది. మరీ పాత ఫోనైతే సెట్టింగ్స్‌లో ఎన్‌క్రిప్షన్ ఆన్ చేసి తర్వాత రీసెట్ చేయండి. మెమరీ కార్డును మాత్రం బయటికి తీసి మీ దగ్గరే ఉంచుకోండి.

చెడిపోయి పక్కన పెట్టేసిన సెక్టర్లు (డిస్క్‌లోని చిన్న భాగాలు), దాగిన పార్టిషన్లు, ఫైల్ పట్టికలోనే ఇమిడిపోయిన అతి చిన్న ఫైళ్లు కూడా డేటా మళ్లీ తేలడానికి కారణం కావచ్చు. చాలా అరుదు. వాటిదాకా భయపడాల్సినంత రహస్యం ఉంటే ఆ డ్రైవ్‌ను అమ్మకండి, లోపలి ప్లాటర్లనో (హార్డ్ డిస్క్‌లో డేటా ఉండే పళ్లేలు) చిప్‌లనో ముక్కలు చేయించండి.