పొల్లు కింద ఒత్తు పడకుండా: మీ తెలుగు కీబోర్డుకు ఒక కీ కలుపుకోండి

"వాట్సాప్‌లో" అని కొట్టబోతే "వాట్సాప్లో" అని పడుతోందా? ప కింద ల ఒత్తు వచ్చి కూర్చుంటుంది, ఎన్నిసార్లు చెరిపి కొట్టినా అంతే. తప్పు మీది కాదు. పొల్లు వెనకాలే ఇంకో హల్లు వస్తే దాన్ని ఒత్తుగా చూపించడం యూనికోడ్ (కంప్యూటర్లలో ప్రతి అక్షరానికీ ఒక నంబరు ఇచ్చే ప్రమాణం) పద్ధతి, "అమ్మ"లో మ కింద మ పడేది కూడా అలాగే. ఒత్తు వద్దనుకున్న చోట పొల్లుకీ తర్వాతి హల్లుకీ మధ్య కంటికి కనిపించని ఒక అక్షరం పెట్టాలి. దాని పేరు జీరో విడ్త్ నాన్ జాయినర్, యూనికోడ్ నంబరు 200సి.

నేను చాలాకాలం దీన్ని ఒక నోట్‌ప్యాడ్ ఫైల్లో దాచుకుని, అవసరమైనప్పుడల్లా కాపీ చేసి అతికించేవాణ్ణి. అంత అవస్థ అక్కర్లేదు, విండోస్ ఉన్నవాళ్లు అరగంటలో సొంత కీ చేసుకోవచ్చు.

ఏ కీ నొక్కితే ఏ అక్షరం రావాలో మార్చుకునే టూల్ ఒకటి, మైక్రోసాఫ్ట్ కీబోర్డ్ లేఅవుట్ క్రియేటర్ 1.4 అని ఉచితంగా దొరుకుతుంది, మైక్రోసాఫ్ట్ సైట్ నుంచే దించుకోండి. పాతది కదా, డాట్‌నెట్ 3.5 అనే మైక్రోసాఫ్ట్ వాళ్ల సహాయక సాఫ్ట్‌వేర్ కావాలని అడగొచ్చు, అడిగితే ఒప్పుకోండి. తెరిచాక ఫైల్ మెనూలో లోడ్ ఎగ్జిస్టింగ్ కీబోర్డ్ నొక్కి తెలుగు ఎంచుకుంటే మన ఇన్‌స్క్రిప్ట్ కీబోర్డు (విండోస్‌లో మామూలుగా వచ్చే తెలుగు అమరిక) తెర మీదికి వస్తుంది. పక్కన ఆల్ట్, కంట్రోల్ అని ఉన్న గడికి టిక్ పెట్టండి. ఇప్పుడు కనిపించేవి కుడివైపు ఆల్ట్ పట్టుకుని నొక్కితే వచ్చే అక్షరాలు. ఇందులో డి కీ ఖాళీగా ఉందో లేదో చూసుకుని దాని మీద నొక్కి, యు ప్లస్ 200సి (U+200C) అని, యు, సి ఇంగ్లీషు అక్షరాల్లోనే, మధ్యలో ఖాళీ లేకుండా కొట్టండి. డి కీయే ఎందుకంటే, ఇన్‌స్క్రిప్ట్‌లో పొల్లు దాని మీదే ఉంటుంది. పొల్లు కొట్టిన వేలు అక్కడే ఉంటుంది కాబట్టి, ఆల్ట్ పట్టుకుని అదే కీ ఇంకోసారి నొక్కితే సరి, రెండు రోజుల్లో చేతికి అలవాటైపోతుంది.

ప్రాజెక్ట్ మెనూలో ప్రాపర్టీస్‌కి వెళ్లి పేరు మార్చండి, ఇంగ్లీషులో ఎనిమిది అక్షరాలు మించకూడదు. ఆ ప్రాజెక్ట్ మెనూలోనే టెస్ట్ అని ఉంటుంది, అందులో "సాఫ్ట్‌వేర్" కొట్టి చూడండి. ట కింద వ పడకుండా విడిగా నిలబడితే పని అయినట్టే. తర్వాత బిల్డ్ నొక్కితే ఒక ఫోల్డరు తయారవుతుంది, అందులోని సెటప్ నడిపి, సెట్టింగ్స్‌లో తెలుగు భాష కింద కొత్త కీబోర్డు జత చేసుకోండి. కనిపించకపోతే ఒకసారి సైన్ అవుట్ అయి రండి. భాష మార్చడానికి విండోస్ కీ, స్పేస్ కలిపి నొక్కితే చాలు. ఈ టూల్‌లో మీ కీబోర్డును సేవ్ చేస్తే వచ్చే కేఎల్‌సీ ఫైలు మాత్రం జాగ్రత్తగా దాచుకోండి, రేపు ఇంకో కీ మార్చాలన్నా, కంప్యూటర్ మారినా దానితోనే పని.

ఈ టూల్‌కి ఒక హద్దు ఉంది. ఏ కీకి ఏ అక్షరమో అంతవరకే దానికి తెలుసు, అంతకుముందు ఏం కొట్టారో వెనక్కి చూసి సరిచేయలేదు. తెలుగుకి సరిపోతుంది గానీ బర్మీస్‌కి వచ్చేసరికి ఇబ్బంది. ఆ లిపిలో ఏత్వం లాంటి ఒక గుర్తు హల్లుకి ఎడమపక్కన రాస్తారు, చేత్తో రాసేవాళ్లకి అదే ముందు వస్తుంది, యూనికోడ్‌లో మాత్రం హల్లు తర్వాతే ఉండాలి. అక్కడ చాలా ఏళ్లు వాడిన జాజీ ఫాంట్ యూనికోడ్ నంబర్లనే తీసుకుని, కంటికి కనిపించే వరసలోనే దాచేది. అందుకే ఒక ఫోన్లో రాసింది ఇంకో ఫోన్లో చిందరవందరగా కనిపించేది. మయన్మార్ 2019 అక్టోబర్ 1న అధికారికంగా యూనికోడ్‌కి మారింది. అలాంటి లిపికి కీమ్యాన్ అనే ఇంకో కీబోర్డు టూల్ వాడండి, అదీ ఉచితమే. కర్సర్‌కి ముందున్న అక్షరాలు చూసి వరస మార్చే నియమాలు అందులో రాసుకోవచ్చు, బర్మీస్ కీబోర్డులు సిద్ధంగా కూడా దొరుకుతాయి.