నాన్న డిశ్చార్జ్‌కి ముందు మేం అడిగి రాయించుకున్నవి

నాన్నకి తుంటి ఎముక ఆపరేషన్ అయ్యాక "రేపు ఇంటికి తీసుకెళ్ళొచ్చు" అన్నారు. ఇంట్లో చూసుకునేది అమ్మ ఒక్కతే. ఆయనేమో ఇంకా బాత్‌రూమ్ దాకా నడవలేకపోతున్నారు. డాక్టర్‌గారికి అదే సూటిగా చెప్పాను. ఎందుకు పంపుతున్నారో, ఇంటి దగ్గర ఏ సాయం కావాలో అడగడం రోగి హక్కు. గొంతు పెంచక్కర్లేదు, అడగాలంతే. ఆ సాయంత్రమే ఫిజియోథెరపిస్ట్ వచ్చి వాకర్‌తో నడిపించి, మెట్లు ఎక్కించి చూశారు.

అసలు చిక్కు మందుల దగ్గర ఉంది. పాత చీటీ, కొత్త చీటీ పక్కపక్కన పెట్టి ఒక్కో మందూ ఫార్మసిస్ట్‌తో సరిచూశాం. మోకాళ్ళ నొప్పికి నాన్న ఎప్పట్నుంచో వేసుకునే ఐబుప్రొఫెన్ గురించి ఎవరూ ఏమీ రాయలేదు! రక్తం గడ్డకట్టకుండా ఇచ్చే ఇంజెక్షన్‌తో అది కలిస్తే రక్తస్రావం ముప్పు పెరుగుతుంది. డాక్టర్‌గారు దాన్ని ఆపమని రాశారు. ఇలాంటి ఆపరేషన్ తర్వాత ఆ ఇంజెక్షన్ 35 రోజుల దాకా కూడా సాగవచ్చు, అందుకే ఆఖరి తేదీ వేయించుకున్నాం. ఎలా ఇవ్వాలో నర్సు చూపించాక, ఆమె ముందే అమ్మ చేత చేయించాం. అమ్మ టెన్షన్ అక్కడే సగం తగ్గింది.

పిక్క వాచినా, గాయం నుంచి చీము కారినా రాత్రిపూట ఎవరికి ఫోన్ చేయాలో నంబరుతో సహా తీసుకున్నాం. ఉన్నట్టుండి ఆయాసం వస్తే మాత్రం ఫోన్ల కోసం ఆగకుండా నేరుగా ఎమర్జెన్సీకే తీసుకురమ్మన్నారు. డిశ్చార్జ్ సమ్మరీ కాపీ చేతికొచ్చాకే బయల్దేరాం.