ఓవెన్‌లో పండ్ల పాన్‌కేక్ పొంగడం లేదా? సమస్యలు, పరిష్కారాలు

ముందు కొలతలు చూసుకోండి: 3 కోడిగుడ్లు, అర కప్పు మైదా, అర కప్పు పాలు, పెద్ద చెంచాడు చక్కెర, చిటికెడు ఉప్పు, 2 పెద్ద చెంచాల నెయ్యి. 9 అంగుళాల పెనం, 220 డిగ్రీల వేడి, సుమారు 20 నిమిషాలు. ఇందులో సోడా గానీ బేకింగ్ పౌడర్ గానీ వేయరు. పిండిలోని తడి ఆవిరై పైకి తోస్తుంది, ఆ పొంగును గుడ్డు గట్టిపరిచి నిలబెడుతుంది. అందుకే ఏ తేడా వచ్చినా ముందు వేడినే అనుమానించాలి.

అసలు పొంగలేదు, రొట్టెలా మందంగా కూర్చుంది

చాలావరకు పెనం చల్లగా ఉండటమే కారణం. ఓవెన్ ఆన్ చేసినప్పుడే ఖాళీ పెనాన్ని లోపల పెట్టండి. ఓటీజీలో (రాడ్లతో వేడెక్కే చిన్న కరెంటు ఓవెన్) పై రాడ్డు, కింది రాడ్డు రెండూ వెలగాలి. 15 నిమిషాలు ఆగి, నెయ్యి వేసి, అది కాగాక పిండి పోయండి. చుయ్‌మని శబ్దం రావాలి. పెనం బయట పెట్టి గిన్నె కోసం వెతికితే ఆ వేడి పోతుంది, పిండి గిన్నె ఓవెన్ పక్కనే ఉండాలి. సర్వపిండికి వాడే మందపాటి ఇనుప పెనం, ప్లాస్టిక్ పిడి లేనిదైతే, దీనికి చాలా బాగుంటుంది. గాజు పాత్ర మాత్రం వద్దు. కాగిన గాజు మీద చల్లని పిండి పడితే పగిలిపోవచ్చు.

వేడి సరిగ్గానే ఉందంటే పిండి చూడండి. దోశపిండి కంటే పలచగా, గరిటె జారుడుగా ఉండాలి. గుడ్లు, పాలు ఫ్రిజ్‌లోంచి అరగంట ముందే తీయండి. పొంగలేదని మైదా పెంచకండి, ఇంకా బరువెక్కుతుంది.

కన్వెక్షన్ (వేడిగాలితో కాల్చే) మైక్రోవేవ్‌లు కొన్ని 200 డిగ్రీల దగ్గరే ఆగిపోతాయి. వాటిలో పొంగు కాస్త తక్కువే, ఇంకో 5 నిమిషాలు ఉంచితే సరిపోతుంది. కన్వెక్షన్ లేని మామూలు మైక్రోవేవ్‌లో ఇది రాదు.

బాగా పొంగింది, బయటికి తీయగానే దిగిపోయింది

దీనికి టెన్షన్ పడొద్దు. లోపలి ఆవిరి చల్లబడితే దిగడం సహజం, ఆ గుంటలోనే పండ్లు నింపుతారు. ఓవెన్‌లో ఉండగానే కూలిపోతే మాత్రం మధ్యలో తలుపు తీశారని అర్థం. మొదటి 15 నిమిషాలు అద్దంలోంచే చూడండి.

మధ్యలో పచ్చిగా, నీళ్లు కారుతూ ఉంది

ఇది పండ్ల వల్ల వచ్చే సమస్య. జగిత్యాల వైపు నుంచి వచ్చే బంగినపల్లి ఎంత తీయగా ఉన్నా, రసమంతా పిండిలోకి దిగి ముద్ద చేస్తుంది. మామిడి ముక్కలు కాల్చాక పైన వేసుకుంటేనే రుచి. ఆపిల్ అయితే పలచగా కోసి, నెయ్యి, చక్కెరతో పొయ్యి మీద మెత్తబడేదాకా వేయించి, తడి ఇగిరాక అదే పెనంలో పిండి పోయవచ్చు. అరటిపండు మరీ మగ్గింది వద్దు, ముక్కలు దూరదూరంగా పరచండి. ఏ పండైనా పిడికెడుకు మించితే ఆ బరువుకు పిండి లేవలేదు.

బతుకమ్మ రోజుల్లో సీతాఫలాలు వస్తాయి కాబట్టి వేయాలనిపిస్తుంది. ఆ గుజ్జు ఓవెన్ వేడికి చేదెక్కుతుంది. గింజలు తీసి, పాన్‌కేక్ గోరువెచ్చగా అయ్యాక పైన వేయండి. నా మట్టుకు అన్ని పండ్లలోకీ అదే రుచి.

నీచు వాసన వస్తోంది

సరిగ్గా ఉడకలేదు. అంచులు ముదురు గోధుమ రంగుకు వచ్చేదాకా ఉంచండి. పిండిలో యాలకుల పొడి, కొంచెం నిమ్మతొక్క తురుము వేస్తే వాసన తగ్గుతుంది.

పైన మాడింది, లోపల కాలలేదు

చిన్న ఓటీజీల్లో పై రాడ్డు దగ్గరగా ఉంటుంది. పెనాన్ని కింది అరలోకి మార్చండి. వెన్న వాడితే అది త్వరగా నల్లబడుతుంది, నెయ్యి ఆ వేడిని తట్టుకుంటుంది.

మధ్యలో కరెంటు పోయింది

ఎండాకాలం గాలిదుమారాలప్పుడు ఇది మామూలే. తలుపు తీయకుండా కొద్దిసేపు చూడండి. కరెంటు రాకపోతే పెనాన్ని గుడ్డతో పట్టుకుని పొయ్యి మీదికి మార్చి, మూత పెట్టి సన్నని మంట మీద ఉడికించండి. పొంగు ఉండదు గానీ తినడానికి బాగానే ఉంటుంది.